డాబాగార్డెన్స్‌లో కొన్న జర్మన్ టోర్నడో: కిట్ సంగతి, పెట్టెలో లేని బాంబు సంగతి

ముందు మార్కులు చెప్పేస్తాను, తొందరలో ఉన్నవాళ్లు అది చూసుకుని వెళ్లిపోవచ్చు: ఐదుకు మూడున్నర. రెక్కల కింది పైలాన్లు (ట్యాంకులూ ఆయుధాలూ తగిలించే కాడలు) ఒక మార్కు తినేశాయి, డెకాల్స్ (నీళ్లలో నానబెట్టి అతికించే గుర్తుల స్టిక్కర్లు) అర మార్కు తిన్నాయి. మిగతాదంతా బాగుంది. కొన్నిచోట్ల చాలా బాగుంది.

కిట్ ఏంటంటే, జర్మన్ సైన్యపు టోర్నడో యుద్ధవిమానం, 1:72 స్కేలు, అంటే అసలులో డెబ్బై రెండో వంతు. ఫ్రేముల్లోంచి ప్లాస్టిక్ ముక్కలు కత్తిరించి, అంచులు గీకి, జిగురు పెట్టి, రంగులేసుకునే రకం. జిగురూ రంగులూ పెట్టెలో రావు. విశాఖ డాబాగార్డెన్స్‌లో ఒక హాబీ షాపులో 2,850 రూపాయలకు కొన్నాను. సరుకు యూరప్‌ది. కంపెనీ పేరూ షాపు పేరూ రాయను. నా ఫిర్యాదుల్లో కంపెనీ వాటా కొంత, షాపు అటక మీద గడిచిన కాలం వాటా కొంత, మన సముద్రపు గాలి వాటా కొంత. ఒక్కరి నెత్తిన రుద్దడం న్యాయం కాదు.

నా గురించి ఒక ముక్క చెప్పకపోతే ఈ రివ్యూ అర్థం కాదు. నేను నేవీలో విమానాలకు ఆయుధాలు ఎక్కించే పనిలో ఉండి రిటైరయ్యాను. గోవాలో ఐ.ఎన్.ఎస్. హంసలో సీ హారియర్ యుద్ధవిమానాల దగ్గర మొదలుపెట్టి, చివరికి ఇక్కడ ఐ.ఎన్.ఎస్. డేగాలో తేలాను. విమానం చూడగానే అందరి కళ్లూ ముక్కు మీదికీ రెక్కల మీదికీ పోతాయి. నావి పొట్ట కిందికి పోతాయి. అక్కడ ఏం తగిలించారు, ఎలా తగిలించారు, పిన్ను తీశారా లేదా. నలభై దాటిన దగ్గర్నుంచి అద్దాలు మారాయి గానీ ఆ చూపు మారలేదు.

షాపు మేడ మీద. కింద మొబైల్ కవర్లు అమ్మే కొట్టు పక్కనుంచి ఇరుకు మెట్లు. పైన ఏసీ లేదు, రెండు ఫ్యాన్లు. రిమోట్ కార్లు, డ్రోన్లు ముందు వరసలో పెట్టి, ప్లాస్టిక్ కిట్లన్నీ వెనక అటక మీద పెట్టాడు ఓనరు కుర్రాడు. మర్యాద ఉన్న మనిషి. “సార్, ఎఫ్-16 అయితే వచ్చిన ప్రతి పిల్లాడూ అడుగుతాడండి. దీన్ని అడిగినవాళ్లు లేరు. తీసుకుంటానంటే తగ్గించి ఇస్తాను,” అని పెట్టె దుమ్ము దులిపాడు. స్టిక్కరు మీద 3,400 ఉంది.

తొమ్మిదో తరగతి చదివే మా మనవరాలు వెంట వచ్చింది. అది అటక మీద రెండో ప్రపంచ యుద్ధం నాటి మెసర్‌ష్మిట్ అనే జర్మన్ విమానం పెట్టె ఒకటి చూసి, “తాతయ్యా, దీని తోక మీద ఏం లేదేంటి, ఫోటోల్లో ఉంటుందిగా?” అని అడిగింది. జర్మనీలో స్వస్తిక లాంటి హిట్లర్ పార్టీ గుర్తులు చూపించడం నేరం. అందుకే అక్కడి కంపెనీలు పెట్టె మీద బొమ్మలోనూ, లోపలి డెకాల్స్‌లోనూ ఆ తోక ఖాళీగా వదిలేస్తాయి. అది చెప్తే పిల్ల కాసేపు ఆలోచించి, “మనం సంపత్ వినాయకుడి గుడి దగ్గర కొత్త బండి మీద వేయించుకుంటాం కదా,” అంది. అదీ నిజమే. ఇనుప శిలువ గుర్తును మాత్రం ఇప్పటి జర్మన్ సైన్యం ఉంచుకుంది. మన కిట్‌లో అవి ఉన్నాయి, అచ్చు చక్కగా పడింది.

ఇక విమానం. పొడవు 23 సెంటీమీటర్లు, రెక్కలు పూర్తిగా చాస్తే 19, వెనక్కి మడిస్తే 12. టోర్నడో గొప్పంతా ఆ మడతలోనే ఉంది. టేకాఫ్‌కీ ల్యాండింగ్‌కీ రెక్కలు 25 డిగ్రీల దగ్గర ఉంటాయి, నేలను రాసుకుంటూ వేగంగా పోవాలంటే 67 డిగ్రీల దాకా వెనక్కి వెళ్తాయి. బ్రిటన్, పశ్చిమ జర్మనీ, ఇటలీ కలిసి 1969లో పనావియా అనే కంపెనీ పెట్టి దీన్ని తయారు చేశాయి. మొదటిసారి ఎగిరింది 1974 ఆగస్టు 14న, బవేరియాలోని మాంషింగ్‌లో. బ్రిటన్ 2019లో దీన్ని రిటైర్ చేసింది. జర్మనీ ఇంకా నడుపుతోంది. ఎందుకు నడుపుతోందన్నదే అసలు కథ, దానికి తర్వాత వస్తాను.

కిట్‌లో రెక్కల కీలు లోపల చిన్న పళ్లచక్రాలు ఇచ్చారు. ఒక రెక్క తోస్తే రెండోదీ కదులుతుంది. నాకు ముచ్చటేసింది. కానీ పైలాన్ల దగ్గర పప్పులో కాలేశారు. అసలు విమానంలో రెక్క ఎంత మడిచినా, దాని కింద ఇంధన ట్యాంకు పట్టుకున్న పైలాన్ తనంతట తాను తిరిగి ఎప్పుడూ ముక్కు వైపే చూస్తుంది. లేకపోతే ఆ వేగంలో అడ్డగాలికి ఏమవుతుందో చెప్పక్కర్లేదు. ఈ కిట్‌లో పైలాన్‌ని రెక్కకు గట్టిగా అతికించమన్నారు. రెక్కలు మడవగానే ట్యాంకులు రెండూ పక్కలకు తిరిగి ఎడ్డెం తెడ్డెంగా నిలబడతాయి. మడత రెక్కల విమానం అని పెట్టె మీద అంత పెద్ద అక్షరాలతో వేసి, ఆ మడతకు ప్రాణమైన సంగతి వదిలేస్తే ఎలా? నేను పైలాన్ కాడ కోసేసి, గుండుసూది ముక్క గుచ్చి తిరిగేలా చేసుకున్నాను. కొత్తవాళ్లకి అది కుదిరే పని కాదు. రెక్కలు చాచి ఉంచి అలాగే అతికించేసుకోవడం నయం.

కాక్‌పిట్ బాగుంది, ముందూ వెనకా రెండు సీట్లు. గాలి పీల్చే నోళ్ల దగ్గర అతుకు కనబడుతుంది, పుట్టీ పెట్టి రుద్దాలి. వెనక ఇంజన్ గొట్టాల దగ్గర వేగం తగ్గించడానికి మంటను ముందుకు మళ్లించే తలుపులు ఉంటాయి, యుద్ధవిమానాల్లో ఇవి అరుదు. వాటిని తెరిచీ మూసీ పెట్టుకునేలా ఇచ్చారు. దానికి నా తరఫున చప్పట్లు.

ఇంకో సంగతి. తోక బరువుకి ముక్కు పైకి లేస్తుంది, ఇన్‌స్ట్రక్షన్ కాగితంలో ఆ మాటే లేదు. ఫిషింగ్ హార్బర్ దగ్గర గాలాలు అమ్మే కొట్లో దొరికే సీసం గుండ్లు నాలుగైదు ముక్కులో కూరి ఫెవికాల్ పోయండి. సరిపోతుంది.

ఇప్పుడు డెకాల్స్. కిట్‌లో ఒకే విమానాన్ని రెండు రకాలుగా ముస్తాబు చేసుకునే వీలుంది. ఒకటి, డెన్మార్క్ సరిహద్దు దగ్గర ఎగ్గెబెక్ నుంచి ఎగిరిన జర్మన్ నేవీ టోర్నడో. అవును, వాళ్ల నేవీకీ ఈ విమానాలు ఉండేవి. బాల్టిక్ సముద్రంలో శత్రు నౌకల కోసం కార్మొరాన్ అనే క్షిపణులు మోసేవి. 2005లో నేవీ చేతిలోంచి ఈ విమానాలు పోయాయి. సీ హారియర్‌కి నౌకల్ని కొట్టే సీ ఈగిల్ క్షిపణి తగిలించిన చేతులకి కార్మొరాన్ కనబడితే మనసు ఊరుకుంటుందా? నేను కొన్నదే దానికోసం. తీరా చూస్తే ఆ నేవీ డెకాల్స్ నీళ్లలో వేయగానే పెళుసుగా ముక్కలైపోయాయి. ‘మెరైన్’ అన్న అక్షరాలు నాలుగు దిక్కులకీ పోయాయి. అటక మీది ఎండా తేమా కలిసి చేసిన పని. ఎయిర్‌ఫోర్స్ వైపు డెకాల్స్ మాత్రం బతికాయి. దాంతో నేవీ మనిషినైన నేను ఎయిర్‌ఫోర్స్ విమానం చెయ్యాల్సి వచ్చింది: 33వ వింగ్ అనే దళానిది, బ్యూషెల్ స్థావరం.

బ్యూషెల్ అంటే మోజెల్ నది పక్కన ఐఫెల్ కొండల్లో చిన్న ఊరు. చుట్టూ ద్రాక్షతోటలు, అడవి. కిట్ కాగితం మీద ఆ ఊరి పేరు, విమానం నంబరు, రంగుల వరస తప్ప ఇంకేం లేదు. కానీ ఆయుధాల పని చేసినవాడికి బ్యూషెల్ అంటే ఒక్కటే గుర్తొస్తుంది. జర్మనీ గడ్డ మీద అమెరికా అణుబాంబులున్న చోటు అది. ఉన్నాయని గానీ లేవని గానీ రెండు ప్రభుత్వాలూ నోరు విప్పవు. లెక్కలు కట్టే పరిశోధకులు 10 నుంచి 20 మధ్య అంటారు. బాంబు పేరు బి61.

పద్ధతి ఎలా ఉంటుందంటే, విమానం జర్మనీది. పైలట్లు జర్మన్లు. తగిలించే సిబ్బందీ జర్మన్లే. స్థావరం జర్మన్ ఎయిర్‌ఫోర్స్‌ది, గేటు దగ్గర జర్మన్ కాపలా. బాంబులు మాత్రం విమానాల షెడ్ల నేలలోనే దించిన భూగర్భ అరల్లో ఉంటాయి. వాటి కాపు, తాళం, కోడ్ అన్నీ అమెరికన్లవి. 702వ మ్యూనిషన్స్ సపోర్ట్ స్క్వాడ్రన్ అని ఒక చిన్న అమెరికన్ దళం ఆ జర్మన్ స్థావరంలోనే ఉంటుంది, దాని పని అదే. అమెరికా అధ్యక్షుడు ఒప్పుకుంటే తప్ప ఆ బాంబు వాడడానికి వీల్లేదు. జర్మనీ తన విమానం ఎగరనివ్వకపోతే ఆ బాంబు అక్కడినుంచి కదలదు. బెల్జియం, నెదర్లాండ్స్, ఇటలీల్లోనూ ఇదే ఏర్పాటు.

నేవీ ఆయుధ డిపో ఎన్.ఎ.డి.లో పనిచేసి రిటైరైన నా స్నేహితుడికి ఇది చెప్తే, టీ గ్లాసు కింద పెట్టి, “ఏటి గురూ, తలుపు ఒకడిది, తాళం ఇంకొకడిదా? అలాటి డిపోలో నేనైతే ఒక్క షిఫ్టు కూడా చెయ్యను,” అన్నాడు. వాడి బాధ రాజకీయం కాదు, రిజిస్టరు. స్టోర్‌లో సరుకు ఎవరి సంతకం మీద ఉంది, పోతే ఎవరి మెడకి చుట్టుకుంటుంది. జర్మన్లు డెబ్బై ఏళ్లుగా వాదించుకుంటున్నదీ దాదాపు అదే ప్రశ్న మీద. తమకు అణ్వాయుధాలు వద్దని వాళ్లు సంతకాలు పెట్టారు. యుద్ధం వచ్చేదాకా అవి అమెరికా చేతుల్లోనే ఉంటాయి కాబట్టి మాట తప్పినట్టు కాదని సర్కారు వాదన. 2010 మార్చిలో బుండెస్టాగ్, అంటే వాళ్ల పార్లమెంటు, వీటిని తీసేయించడానికి గట్టిగా ప్రయత్నించాలని ప్రభుత్వానికి తీర్మానం చేసి చెప్పింది. తీయలేదు. శాంతి ఉద్యమకారులు ఏటా ఆ గేటు ముందు కూర్చుంటారు. కంచె కత్తిరించి లోపలికి పోయి జైలుకెళ్లినవాళ్లూ ఉన్నారు.

టోర్నడోని జర్మనీ ఇంకా ఎందుకు వదల్లేదో ఇప్పుడు తెలిసిందిగా. వాళ్ల దగ్గరున్న వాటిలో ఆ బాంబు మొయ్యడానికి అనుమతి ఉన్నది ఇదొక్కటే. యూరోఫైటర్ కొత్తదే, మంచిదే, కానీ దానికి ఆ సర్టిఫికెట్ లేదు. అందుకే 2022 డిసెంబరులో అమెరికా నుంచి 35 ఎఫ్-35లు ఆర్డరు పెట్టారు, బ్యూషెల్‌లో వాటికోసం కొత్త కట్టడాలు లేస్తున్నాయి. విమానం కూడా అమెరికాదే అయిపోతే ఇక జర్మన్లకు మిగిలేది పైలట్ సీటు.

పెట్టెలో సైడ్‌వైండర్ క్షిపణులు రెండు, రాడార్‌ని తికమక పెట్టే పాడ్, ట్యాంకులు, కార్మొరాన్లు ఇచ్చారు. బి61 ఇవ్వలేదు. పిల్లల బొమ్మల కంపెనీని అడగాల్సిన ప్రశ్న కాదు అది, తెలుసు. అయినా బ్యూషెల్ ముస్తాబు ఇచ్చి ఆ విమానం పొట్ట కింద ఖాళీ వదిలితే నా వృత్తికి వెలితిగా ఉంది. అసలు బాంబు మూడున్నర మీటర్లకు కాస్త ఎక్కువ, 320 కిలోలు. మన స్కేలులో ఐదు సెంటీమీటర్ల పొడవు, నాలుగున్నర మిల్లీమీటర్ల లావు. పాత పెయింట్ బ్రష్ కర్ర సరిగ్గా ఆ లావే ఉంది. ముక్క కోసి, ముక్కు గుండ్రంగా రుద్ది, వెనక కాగితంతో నాలుగు రెక్కలు అతికించి బూడిద రంగు వేశాను.

మా ఆవిడ చూసి, “మీకు ఇంట్లో ఇంకేం దొరకలేదా?” అంది. నేను జర్మన్ సైన్యం కథ చెప్పాను. 2014లో ఒక నాటో విన్యాసంలో వాళ్ల దళం ఒకటి తుపాకీ గొట్టం లేక సాయుధ వాహనానికి చీపురు కర్రకి నల్లరంగు వేసి పెట్టుకుంది. తర్వాత పేపర్లకెక్కి పరువు పోయింది. యూరప్‌లో అంత డబ్బున్న దేశం సైన్యం కథ అది.

ఆ సైన్యం పేరు బుండెస్‌వేర్, పుట్టింది 1955 నవంబరులో. అంటే యుద్ధం ఓడిపోయిన పదేళ్లకి. మొదటినుంచీ దాన్ని కట్టిపడేసే తాళ్లతోనే కట్టారు. సైన్యం మీద కన్నేసి ఉంచడానికి, సిపాయిల ఫిర్యాదులు వినడానికి పార్లమెంటు తరఫున విడిగా ఒక కమిషనర్. 1994లో వాళ్ల రాజ్యాంగ న్యాయస్థానం ఇంకో ముడి వేసింది: పార్లమెంటు ఒప్పుకోకుండా సైన్యాన్ని విదేశాల్లో పోరాటానికి పంపకూడదు. ప్రచ్ఛన్న యుద్ధం రోజుల్లో ఐదు లక్షలకు దగ్గరగా ఉన్న బలం, 1990 ఏకీకరణ ఒప్పందంలో 3,70,000కి మించకూడదని రాసుకున్నారు. ఇప్పుడు ఆ పరిమితి దరిదాపుల్లో కూడా లేరు, 1,80,000 చిల్లర. నిర్బంధ సైనికసేవ 2011లో ఆపేశారు. ఉక్రెయిన్ యుద్ధం మొదలయ్యాక 2022లో ఛాన్సలర్ షోల్జ్ పది వేల కోట్ల యూరోల ప్రత్యేక నిధి ప్రకటించారు. ఎఫ్-35లు వచ్చేది ఆ డబ్బుతోనే. తూర్పు జర్మనీ నుంచి వారసత్వంగా వచ్చిన 24 మిగ్-29లను కొన్నేళ్లు చక్కగా నడిపి, ఆఖరికి 22 విమానాలను ఒక్కోటి ఒక్క యూరో చొప్పున పోలండ్‌కి ఇచ్చేశారు. మిగ్-29 అంటే మన నేవీ కూడా నడిపే జాతి. ఆ రేటు విన్నప్పుడల్లా నాకు కడుపు మండుతుంది.

జర్మనీలో విదేశీ స్థావరాలంటే అందరికీ గుర్తొచ్చేది బ్యూషెల్ కాదు, రామ్‌స్టైన్. మా తోడల్లుడి కొడుకు కైజర్స్‌లాటర్న్‌లో ఎం.ఎస్. చేస్తున్నాడు, ఆ పక్కనే. యూరప్‌లో అమెరికా వైమానిక దళానికి రామ్‌స్టైనే హెడ్‌క్వార్టర్స్. చుట్టుపక్కల సైనికులూ వాళ్ల కుటుంబాలూ ఉద్యోగులూ కలిపి 50 వేల మంది దాకా అమెరికన్లు ఉంటారు, అమెరికా బయట అంత పెద్ద అమెరికన్ సైనిక బస్తీ ఇంకోటి లేదు. కొంచెం దూరంలో లాండ్‌ష్టూల్‌లో వాళ్ల మిలిటరీ ఆసుపత్రి. ఇరాక్, అఫ్ఘానిస్తాన్ యుద్ధాల్లో గాయపడ్డ సైనికులు ముందు అక్కడికే వచ్చేవాళ్లు. వీడు ఫోన్‌లో, “పెదనాన్నా, ఇక్కడ రూము దొరకాలంటే చచ్చిపోతున్నాం. వాళ్లకి ఇంటద్దె గవర్నమెంట్ ఇస్తుందట, ఓనర్లు వాళ్లకే ఇస్తామంటారు,” అని వాపోయాడు. నాకు నవ్వొచ్చింది. నేవీ వాళ్లకే అద్దెకిస్తామని మల్కాపురం, సింధియా వైపు బోర్డులు పెట్టిన ఓనర్లు మనకి తెలీదా?

జర్మనీలో అమెరికన్ సైనికులు ఇప్పుడు 35 వేల మంది. ఎనభైల్లో రెండున్నర లక్షలు. తూర్పు వైపు సోవియట్ సైన్యం మూడు లక్షలు దాటి ఉండేది. బెర్లిన్‌కి దక్షిణాన వ్యూన్స్‌డోర్ఫ్‌లో వాళ్ల హెడ్‌క్వార్టర్స్, మామూలు జర్మన్లకు అందులోకి ప్రవేశం లేదు. చివరి దళం 1994 ఆగస్టు 31న వెళ్లింది. ఆ వీడ్కోలు సభలో రష్యా అధ్యక్షుడు యెల్త్సిన్ హుషారెక్కువై బ్యాండు మేస్త్రీ చేతిలో కర్ర లాక్కుని తానే వాయింపించాడు. ఆ వీడియో ఇప్పటికీ తిరుగుతోంది. తూర్పు జర్మనీ నేల మీద విదేశీ సైన్యం గానీ అణ్వాయుధాలు గానీ పెట్టకూడదని 1990 ఒప్పందంలోనే ఉంది. అందుకే మ్యాపులో అమెరికా స్థావరాలన్నీ పశ్చిమానా దక్షిణానా గుంపుగా కనబడతాయి. రైన్ నది ప్రాంతంలో 1945 నుంచీ పాతుకుపోయిన బ్రిటిష్ సైన్యం 2020 నాటికి దాదాపుగా ఖాళీ చేసింది. విచిత్రం ఏంటంటే, ఇన్ని దేశాల స్థావరాలకు చోటిచ్చిన జర్మనీ ఇప్పుడు తానే లిథువేనియాలో శాశ్వతంగా ఒక బ్రిగేడ్ పెడుతోంది. 2025 మేలో విల్నియస్‌లో ఆరంభ సభ చేశారు.

రామ్‌స్టైన్ గొడవ వేరే రకం. డ్రోన్లు అక్కడినుంచి ఎగరవు. కానీ అమెరికాలో కూర్చున్న ఆపరేటర్‌కీ యెమెన్ మీద తిరిగే డ్రోన్‌కీ మధ్య సిగ్నల్ అక్కడి రిలే కేంద్రం మీదుగా పోతుంది. 2012లో అలాంటి దాడిలో బంధువులను పోగొట్టుకున్న యెమెన్ వాళ్లు జర్మన్ కోర్టులకెక్కారు. 2025 జులైలో రాజ్యాంగ న్యాయస్థానం వాళ్ల పిటిషన్ కొట్టేసింది.

అయినా నన్ను అడిగితే రామ్‌స్టైన్ కన్నా బ్యూషెల్ చిక్కు ముడి. రామ్‌స్టైన్‌లో కంచె ఎక్కడ మొదలవుతుందో తెలుసు, లోపల ఎవరున్నారో తెలుసు, వాళ్ల జీతంతో చుట్టూ ఊళ్లు బతుకుతున్నాయని తెలుసు. బ్యూషెల్‌లో కంచె లోపల ఇంకో కంచె ఉంది, దాని లోపల గుప్పెడు మంది. ఆ స్థావరం ఎవరిదంటే జర్మన్ కమాండరు తనదేనంటాడు, అబద్ధమూ కాదు.

విశాఖ వాళ్లకి స్థావరంతో కాపురం కొత్త కాదు. ఎన్.ఎ.డి. కొత్తరోడ్డు అని రోజూ ఆటోవాడికి చెప్తాం, ఆ మూడక్షరాలు నేవీ ఆయుధ డిపోవని గుర్తుండదు. మన సివిల్ విమానాలు ఏళ్ల తరబడి దిగింది నేవీ రన్‌వే మీదే. నేవీ వాళ్లు శిక్షణ విమానాలు తిప్పే వేళల్లో పౌర విమానాలు సర్దుకోవాల్సి వచ్చేది. ఫ్రాంక్‌ఫర్ట్ విమానాశ్రయానికీ అదే కథ: ఒకపక్క ప్రయాణికులు, రెండోపక్క అమెరికన్ల రైన్-మైన్ స్థావరం. 1948లో సోవియట్లు దిగ్బంధించిన బెర్లిన్‌కి బొగ్గూ పిండీ మోసిన విమానాలు ఎగిరిన చోట్లలో అదొకటి. 2005లో మూసేశారు, ఆ స్థలంలోనే మూడో టెర్మినల్ కట్టారు. తేడా ఒక్కటే. మన రన్‌వే మీద జెండా మనది.

కిట్‌కి వస్తే, మన ఊళ్లో చేసుకునేవాళ్లకి రెండు మూడు మాటలు. వానాకాలంలో రంగు వెయ్యకండి. పైపొర తెల్లగా పొగచూరినట్టు వస్తుంది. డిసెంబరు నుంచి ఫిబ్రవరి దాకా పగటిపూట మంచిది. కాగితంలో ఇచ్చిన రంగుల నంబర్లు ఇక్కడ దొరకవు. పూర్ణా మార్కెట్ దగ్గర హార్డ్‌వేర్ కొట్లో మామూలు ఎనామిల్ చిన్న డబ్బాలు కొని కలుపుకున్నాను, థిన్నరూ అక్కడే. కాక్‌పిట్ అద్దానికి ఫెవిక్విక్ వాడితే ఆవిరికి అద్దం మసకబారుతుంది, తెల్ల ఫెవికాల్ వాడండి. డెకాల్స్ నీళ్లలో వేసేముందు షీటు మీద పల్చగా క్లియర్ వార్నిష్ కొట్టి ఆరనివ్వండి, పాత షీటైనా చాలావరకు నిలబడుతుంది. ఎగిరేముందు పిన్ను తీయమని గుర్తుచేసే “రిమూవ్ బిఫోర్ ఫ్లైట్” ఎర్ర రిబ్బన్లు కిట్‌లో లేవు. సిగరెట్ పెట్టె రేకు మీద ఎర్రరంగు వేసి సన్నగా కోసి నేనే అతికించాను, ఆయుధాలన్నిటికీ. బ్రష్ కర్ర బాంబుకి కూడా. అలవాటు.

పన్నెండేళ్ల లోపు పిల్లలకి కొనకండి, రెక్కల చక్రాలు మరీ చిన్నవి, విసిగిపోతారు. పెద్దలకైతే ఈ రేటుకి పనితనం దండిగా ఉంది. షాపుకి వెళ్తే రెండు పనులు చెయ్యండి. పెట్టె అక్కడే తెరిపించి డెకాల్ షీటు వెలుతురులో చూడండి, పసుపు తిరిగినా పగుళ్లున్నా ఇంకోటి అడగండి. రెండోది, స్టిక్కరు ధర ఇవ్వకండి. ఆ కుర్రాడు మూడు వేల లోపుకి దిగుతాడు. జర్మన్ గుర్తుల ఎఫ్-35 కిట్ తెప్పిస్తానన్నాడు, అడ్వాన్స్ ఇవ్వమన్నాడు. పైలాన్లు చూసి ఇస్తానన్నాను.